బుఫోన్ ఐదేళ్ల ముందే ఆపేసి ఉండాల్సింది. కాదంటారా?

ఆఫ్‌సైడ్_అప్పారావు
ఆఫీసులో లంచ్ టైంలో మొదలైన గొడవ, అక్కడ తేలలేదు, అందుకే ఇక్కడ పెడుతున్నా. ఇటలీ గోల్‌కీపర్ జాన్‌లుయిజీ బుఫోన్ 2023 ఆగస్టులో రిటైరయ్యాడు. అప్పటికి వయసు 45. నన్నడిగితే 2018లో టురిన్ క్లబ్ యువెంటస్ వదిలిన రోజే గ్లవ్స్ తీసి పక్కన పెట్టేయాల్సింది. ఆ తర్వాత ఐదేళ్లు ఏం ఒరగబెట్టాడు? పారిస్ క్లబ్బుకి వెళ్లాడు, మాంచెస్టర్ యునైటెడ్ మీద చేతిలోకి వచ్చిన బంతి జారవిడిచాడు. మళ్లీ యువెంటస్‌కి వచ్చి బెంచీ మీద కూర్చున్నాడు. ఆఖరికి సెకండ్ డివిజన్‌లో పార్మా క్లబ్. ప్రపంచ కప్పు ఎత్తినవాడు అలా ముగించాలా? దొరకని ఛాంపియన్స్ లీగ్ (యూరప్ క్లబ్బుల పెద్ద కప్పు) కోసం పాకులాడటం తప్ప అందులో నాకేమీ కనపడలేదు. మావాళ్లంతా దాన్ని అంకితభావం అంటున్నారు. నాకు మాత్రం వదల్లేకపోవడం అనిపిస్తుంది.

నల్లచారల_నాని
మళ్లీ మొదలెట్టావా అప్పారావన్నా. పోయిన ఏడు ఇదే గొడవ జ్లాటాన్ మీద పెట్టావు.

కుర్చీ_కోచ్
అప్పారావు గారికి నలభై దాటినవాళ్లు పని చేస్తుంటే చూడబుద్ధి కాదు. ఆయన మేనేజర్‌కి యాభై రెండు, అదీ అసలు సంగతి.

ఆఫ్‌సైడ్_అప్పారావు
@కుర్చీ_కోచ్ మేనేజర్‌ని మధ్యలోకి లాగొద్దు, ఆయనా ఇక్కడే చదువుతుంటాడు.

స్కోర్‌బోర్డు
వాదనకి దిగేముందు లెక్కలు సరిగ్గా ఉండాలి కదా. "ఐదేళ్లు ఏం ఒరగబెట్టాడు" అన్నావు. 2019లో పారిస్‌తో ఫ్రెంచ్ లీగ్. 2020లో యువెంటస్‌తో ఇటలీ లీగ్ (సెరీ ఆ), అది అతనికి పదోది. 2020 జులైలో టొరినో మీద ఆడి 648వ సెరీ ఆ మ్యాచ్ పూర్తిచేశాడు, మాల్దీని 647 రికార్డు దాటాడు. చివరికి 657 దగ్గర ఆగాడు. 2021లో కోపా ఇటాలియా. ఇవన్నీ నువ్వు చెప్పిన తేదీ తర్వాతివే.

ఆఫ్‌సైడ్_అప్పారావు
ఆ లీగ్‌లు బుఫోన్ లేకపోయినా వచ్చేవే. పారిస్ ఆ రోజుల్లో ఎవర్ని నిలబెట్టినా గెలిచేది.

గచ్చిబౌలి_గోలీ
నేను ఆదివారాలు టర్ఫ్ మీద గోల్‌లో నిలబడతాను, నలభైకి దగ్గరపడ్డా. కాబట్టి నా మాట కాస్త పక్షపాతమే అనుకోండి.

బుఫోన్ అంటే అందరూ 2006 ప్రపంచ కప్పు ఫైనల్లో ఫ్రాన్స్ కెప్టెన్ జిదాన్ హెడర్ గురించే చెబుతారు. ఎందుకు చెబుతారో మామూలుగా చూస్తే అర్థం కాదు. ఎక్స్‌ట్రా టైం, 104వ నిమిషం. కుడివైపు నుంచి సాన్యోల్ క్రాస్ వేశాడు. జిదాన్ ఖాళీగా లేచి నుదుటితో సూటిగా కొట్టాడు, బంతి బార్ కిందుగా దూసుకొస్తోంది. మామూలు గోలీ అయితే క్రాస్ వచ్చేటప్పుడే ముందుకు రావాలా వద్దా అని అడుగు వేసి సగంలో ఆగిపోతాడు. నేనైతే ప్రతి ఆదివారం అదే చేస్తా. బుఫోన్ పాదాలు చూడండి. జిదాన్ తల బంతికి తగిలే క్షణానికి రెండు పాదాలూ నేల మీదే ఉన్నాయి, ఒళ్లు ఎటూ వాలలేదు. అందుకే నిట్టనిలువుగా ఎగిరి ఒక్క చేత్తో బార్ మీదుగా తోసేయగలిగాడు. ముందే ఒక పక్కకి వాలి ఉంటే ఆ చెయ్యి అక్కడికి చేరేదే కాదు. జిదాన్ నోరు తెరిచి అరిచిన అరుపు గుర్తుందా?

ఆ నిలబడటం వయసుతో పోదు. పోయేది కాలి స్పీడు. అందుకే గోల్‌కీపర్‌కీ ఫార్వర్డ్‌కీ రిటైర్మెంట్ లెక్క ఒకటి కాదు.

తిరుపతి_తేజ
అప్పటికి నాకు మూడేళ్లు. యూట్యూబ్‌లో జిదాన్ ఇటలీ ఆటగాణ్ని తలతో గుద్దిన గుద్దు ఒక్కటే వస్తుంది, ఈ సేవ్ ఎవరూ పెట్టరు.

కుర్చీ_కోచ్
మాకు ఆ రాత్రి సరిగ్గా ఆ గుద్దు ముందే కరెంటు పోయింది. వచ్చేసరికి జిదాన్ లేడు. గాయమైందేమో అనుకున్నాం, పొద్దున పేపర్ చూస్తే గానీ ఎర్ర కార్డని తెలియలేదు.

స్కోర్‌బోర్డు
ఆ టోర్నీ మొత్తం ఇటలీ తిన్నవి రెండే గోల్స్. ఒకటి అమెరికా మ్యాచ్‌లో జక్కార్దో సొంత గోల్లో కొట్టుకున్నది, రెండోది ఫైనల్లో జిదాన్ పెనాల్టీ. అంటే ఏడు మ్యాచ్‌ల్లో ఎదుటి జట్టువాడు ఎవడూ ఆట మధ్యలో బుఫోన్‌ని దాటి గోల్ వేయలేదు. ఆ ఏడాది బాలన్ డోర్‌లో (ఏడాది ఉత్తమ ఆటగాడి బహుమతి) రెండో స్థానం, మొదటిది కన్నవారో. ఇంతవరకూ ఆ బహుమతి అందుకున్న గోల్‌కీపర్ యాషిన్ ఒక్కడే, 1963లో.

వైజాగ్_వింగర్
సరే, 2006 బుఫోన్ గొప్పవాడే. ఎవరు కాదన్నారు? కానీ అప్పారావు అడిగింది వేరు. పైగా "చరిత్రలో అందరికన్నా గొప్ప గోలీ" అని మావాళ్లు అంటుంటే నాకు మింగుడు పడదు. కసియాస్ దగ్గర ప్రపంచ కప్పు, రెండు యూరో కప్పులు, మూడు ఛాంపియన్స్ లీగ్‌లు ఉన్నాయి. నోయర్ దగ్గర ప్రపంచ కప్పు, రెండు ఛాంపియన్స్ లీగ్‌లు. బుఫోన్ మూడు ఫైనల్స్ ఆడి మూడూ ఓడాడు. 2003 మిలాన్ మీద, 2015 బార్సిలోనా మీద, 2017 రియల్ మాడ్రిడ్ మీద నాలుగు గోల్స్ తిని.

నల్లచారల_నాని
@వైజాగ్_వింగర్ 2003 ఫైనల్ ఒకసారి మళ్లీ చూడు. ఫస్టాఫ్‌లో ఇన్‌జాగీ హెడర్ ఆపిన తీరు జిదాన్ సేవ్ కంటే కష్టం. పెనాల్టీల్లో సీడోర్ఫ్‌దీ కలాద్జేదీ రెండూ ఆపాడు. ఇంకేం చేయాలి? ఎదురుగా మిలాన్ గోలీ దీదా మూడు ఆపాడు. మావాళ్లే ముగ్గురు వదిలారు, త్రెజెగే, జలయేటా, మొంతేరో. అంతకుముందు సెమీస్‌లో రియల్ మీద ఫీగో పెనాల్టీ ఆపకపోతే అసలు ఫైనలే లేదు. నెద్వెద్ సస్పెన్షన్ వల్ల ఫైనల్ ఆడలేదు, ఆ బాధ వేరే.

స్కోర్‌బోర్డు
కప్పులతో కొలిచేవాళ్లకి ఒక మాట. ఇటలీ పాత గోలీ దీనో జోఫ్ కూడా యూరోపియన్ కప్పు (ఛాంపియన్స్ లీగ్ పాత పేరు) గెలవలేదు. 1973లో అయాక్స్ మీద, 1983లో హాంబర్గ్ మీద రెండు ఫైనల్స్ ఓడాడు. 1982లో నలభై ఏళ్ల వయసులో ఇటలీ కెప్టెన్‌గా ప్రపంచ కప్పు ఎత్తాడు. ఆయన్ని ఎవరూ తక్కువ చేయరు.

ఆఫ్‌సైడ్_అప్పారావు
చూశావా, నా వాదన నువ్వే గెలిపించావు. జోఫ్ 1983లో ఏథెన్స్ ఫైనల్ ఓడాడు, 41 ఏళ్లకి అక్కడితో ఆపేశాడు. సెకండ్ డివిజన్‌కి పోలేదు.

మాధవి_టురిన్
నేను 2016 నుంచి 2018 దాకా టురిన్‌లో చదివాను, ఎం.టెక్ లాంటిదే అనుకోండి. ఫుట్‌బాల్ అంటే ఓనమాలు తెలియకుండా వెళ్లాను. మా ఇంటి ఓనరమ్మకి డెబ్బై దాటాయి, ఊళ్లోని రెండో క్లబ్ టొరినోకి పక్కా అభిమాని. యువెంటస్ పేరెత్తితే మొహం చిట్లించేది. అలాంటి మనిషి బుఫోన్ గురించి మాత్రం ఒక్క మాట తప్పుగా అనేది కాదు. ఒకసారి ఎందుకని అడిగితే "2006లో వెళ్లిపోలేదు కదా" అంది. నాకు అప్పుడు అర్థం కాలేదు, తర్వాత క్లాస్‌మేట్ చెప్పాడు.

స్వీడన్ మ్యాచ్ రోజు నేను వాళ్లింట్లోనే ఉన్నా. 2017 నవంబర్ 13, సాన్ సీరోలో. స్వీడన్ జాతీయగీతం వస్తుంటే స్టేడియంలో జనం ఈలలు వేశారు. బుఫోన్ ఒక్కడూ గట్టిగా చప్పట్లు కొట్టడం మొదలెట్టాడు, వాళ్ల నోరు మూయించడానికి. మ్యాచ్ 0-0. మొదటి మ్యాచ్ స్టాక్‌హోమ్ దగ్గర 0-1 ఓడారు కాబట్టి ప్రపంచ కప్పుకి వెళ్లే అవకాశం పోయింది. 1958 తర్వాత మొదటిసారి అట. చివర్లో కార్నర్‌కి బుఫోన్ కూడా అవతలి గోల్ దగ్గరికి పరిగెత్తాడు. అయిపోయాక టీవీ ముందు ఏడ్చాడు. ఓనరమ్మ టీవీ కట్టేసి వంటింట్లోకి వెళ్లిపోయింది. ఆ రాత్రి అన్నం కాదు కదా, కాఫీ కూడా పెట్టలేదు.

తిరుపతి_తేజ
2006లో ఏమైంది అక్కా? ఎక్కడికి వెళ్లిపోలేదు?

నల్లచారల_నాని
@తిరుపతి_తేజ కాల్చోపోలీ. రిఫరీల నియామకాల్లో క్లబ్ పెద్దల జోక్యం బయటపడింది. యువెంటస్ రెండు టైటిళ్లు పీకేశారు, సెరీ బీకి దించారు, పైగా మొదలుపెట్టడమే మైనస్ పాయింట్లతో. కన్నవారో, ఎమెర్సన్ రియల్‌కి, ఇబ్రహిమోవిచ్, వియెరా ఇంటర్‌కి, జంబ్రొత్తా, తురామ్ బార్సిలోనాకి. సగం జట్టు సర్దుకుని పోయింది. మిగిలింది దెల్ పియెరో, నెద్వెద్, త్రెజెగే, కమొరనేజీ, బుఫోన్. జులై 9న బెర్లిన్‌లో ప్రపంచ కప్పు, సెప్టెంబర్ 9న రిమినీ అనే చిన్న ఊళ్లో సెరీ బీ మ్యాచ్, అది కూడా 1-1 డ్రా. సరిగ్గా రెండు నెలలు.

అప్పుడు అతనికి 28. ప్రపంచంలో ఏ క్లబ్ అయినా కళ్లకద్దుకుని తీసుకునేది. సెకండ్ డివిజన్ అనగానే పడిపోవడం అనుకునేవాడైతే ఆరోజే పోయేవాడు. అందుకే పార్మా విషయంలో అప్పారావన్న "సెకండ్ డివిజన్" అని చప్పరించేస్తుంటే నాకు ఒళ్లు మండుతుంది.

వైజాగ్_వింగర్
ఇది మంచి పాయింట్. ఒప్పుకుంటా. కానీ మీ బుఫోన్ మరీ సాధువేం కాదు. 2012 ఫిబ్రవరిలో మిలాన్ మ్యాచ్‌లో ముంటారి హెడర్ గోల్ లైన్ దాటి బాగా లోపలికి పోయింది. బుఫోన్ లోపలి నుంచి చేత్తో బయటికి లాగాడు, రిఫరీ గోల్ ఇవ్వలేదు. తర్వాత ఏమన్నాడు? లోపలికి పోయిందని తనకి తెలియలేదట, తెలిసినా రిఫరీకి చెప్పేవాణ్ని కాదట. ఆ ఏడు లీగ్ మీరే ఎత్తుకుపోయారు.

నల్లచారల_నాని
అదే మ్యాచ్‌లో మాత్రి వేసిన సరైన గోల్‌ని ఆఫ్‌సైడ్ అన్నారు, అది మాత్రం మిలాన్ వాళ్లకి గుర్తుండదు.

కుర్చీ_కోచ్
పన్నెండేళ్లు దాటినా ఈ ముంటారి కేసు కొట్టేయరేంట్రా బాబూ. భూముల తగాదాలు కూడా ఇంతకన్నా ముందే తేలతాయి.

గచ్చిబౌలి_గోలీ
ముంటారి విషయంలో వింగర్‌తో ఉన్నా. కానీ నిజం చెప్పాడు కదా. మిగతావాళ్లయితే మైక్ ముందు "నేను తప్పక చెప్పేవాణ్ని" అని నీతులు వల్లించేవారు. ఇటలీలో గోల్ లైన్ టెక్నాలజీ 2015-16 నుంచి వచ్చింది, ఇప్పుడిక ఆ గొడవే లేదు.

ఆఫ్‌సైడ్_అప్పారావు
నోటి దురుసు సంగతికొస్తే 2018 ఏప్రిల్ మర్చిపోయారా? ఛాంపియన్స్ లీగ్‌లో రియల్ మాడ్రిడ్ మీద టురిన్‌లో 0-3 ఓడి, మాడ్రిడ్ వెళ్లి 3-0తో సమం చేశారు. అద్భుతం, నేనూ లేచి నిలబడి చూశా. ఇంజురీ టైంలో బెనాతియా వెనకనుంచి తోశాడని పెనాల్టీ. బుఫోన్ రిఫరీ మీద విరుచుకుపడ్డాడు, ఎర్ర కార్డు. రెండో గోలీ ష్చెజ్నీని దించారు, రొనాల్డో కొట్టేశాడు. తర్వాత బుఫోన్ ఆ రిఫరీకి గుండె ఉండాల్సిన చోట చెత్తబుట్ట ఉందన్నాడు. నలభై ఏళ్ల కెప్టెన్ మాట్లాడే మాటేనా అది? ఆ కోపానికి మూడు మ్యాచ్‌ల నిషేధం పడితే, పారిస్ వాళ్లు ఛాంపియన్స్ లీగ్‌లో మొదటి మూడూ అతను లేకుండా ఆడాల్సొచ్చింది. నేనన్నది ఇదే. చివరి రోజులు మనిషిని పలుచన చేస్తాయి.

మాధవి_టురిన్
తర్వాత మాటలు హద్దు దాటాయని సారీ కూడా చెప్పాడు కదండీ.

నల్లచారల_నాని
ఆ పెనాల్టీ గురించి నేను మాట్లాడను. డాక్టర్ బీపీ చూసుకోమన్నాడు.

బొల్లారం_బాబాయ్
ఇంతసేపూ చదువుతున్నా. బుఫోన్ చిన్నప్పుడు మిడ్‌ఫీల్డర్ అని మీలో ఎవరూ చెప్పలేదే? పన్నెండేళ్లప్పుడు 1990 ప్రపంచ కప్పులో కామెరూన్ గోల్‌కీపర్ తొమా ఎన్‌కోనోని చూసి మనసు మార్చుకున్నాడు. కొడుక్కి లూయీ తొమాస్ అని పేరు పెట్టుకున్నది ఆయన మీద అభిమానంతోనే. ఇంట్లో అందరూ ఆటగాళ్లే. తల్లి డిస్కస్ త్రో, తండ్రి వెయిట్ లిఫ్టింగ్, అక్కలిద్దరూ వాలీబాల్.

ఇలా ముందు వేరే చోట ఆడి గోల్‌లోకి వచ్చినవాడు మనకీ ఒకడున్నాడు. పీటర్ తంగరాజ్. పుట్టింది హైదరాబాద్‌లో, ఆడటం మొదలెట్టింది సికింద్రాబాద్ క్లబ్బుల్లో. సైన్యంలో చేరాక సెంటర్ ఫార్వర్డ్ కాస్తా గోల్‌కీపర్ అయ్యాడు. 1956 మెల్‌బోర్న్, 1960 రోమ్ ఒలింపిక్స్ రెండిటికీ వెళ్లాడు. 1962 జకార్తా ఏషియన్ గేమ్స్‌లో బంగారు పతకం, 1967లో అర్జున. రోమ్ ఒలింపిక్స్‌లో ఫ్రాన్స్‌ని మనవాళ్లు 1-1తో నిలిపారు. అంటే బుఫోన్ పుట్టకముందే ఇటలీ గడ్డ మీద మన హైదరాబాదీ గోల్ కాశాడు.

తిరుపతి_తేజ
ఇండియా ఒలింపిక్స్‌లో ఫుట్‌బాల్ ఆడిందా???

బొల్లారం_బాబాయ్
ఆడటమేంట్రా, 1956లో నాలుగో స్థానం. కోచ్ మన రహీం సాబే.

స్కోర్‌బోర్డు
బాబాయ్ చెప్పేవి బాగున్నాయి గానీ వేరే థ్రెడ్ పెడితే మంచిది. ఇది బుఫోన్‌ది.

మొదటి మ్యాచ్ సంగతి నేను చెబుతా. 1995 నవంబర్ 19, పార్మాకి మిలాన్ మీద. రెగ్యులర్ గోలీ బుచ్చీకి గాయం, కోచ్ స్కాలా పదిహేడేళ్ల కుర్రాణ్ని దింపాడు. ఎదురుగా బజ్జో, జార్జ్ వియా. 0-0. ఆ వియా కొడుకు తిమోతీతో 2018లో పారిస్‌లో ఒకే జట్టులో ఆడాడు. ఇంకోటి: 1999లో పార్మాతో కోపా ఇటాలియా గెలిచినప్పుడు జట్టులో ఎన్రికో కియేజా. 2021లో యువెంటస్‌తో అదే కప్పు గెలిచినప్పుడు గెలుపు గోల్ వేసింది ఎన్రికో కొడుకు ఫెదెరికో. అప్పారావు మాట విని 2018లో ఆపేస్తే ఈ ముచ్చట ఉండేది కాదు.

కుర్చీ_కోచ్
ఇంకో పదేళ్లు ఆడితే మనవళ్లతో కూడా గెలిచేవాడు.

వైజాగ్_వింగర్
హహ. మా ఊళ్లో వాలీబాల్ సీను అనే ఆయన ఇలాగే. తండ్రి, కొడుకు, అల్లుడు ముగ్గురితోనూ ఆడాడు. అల్లుడు ఇప్పుడు భయపడి కోర్టుకి రావట్లేదు.

గచ్చిబౌలి_గోలీ
అప్పారావు గారు "వదల్లేకపోవడం" అన్నారు, దానికి ఒక మాట. 2003 చివర్లో, పాతికేళ్ల వయసులో, బుఫోన్ డిప్రెషన్‌లోకి వెళ్లాడు. డబ్బుంది, పేరుంది, ప్రపంచంలోనే ఖరీదైన గోల్‌కీపర్. 2001లో పార్మా నుంచి యువెంటస్‌కి అతన్ని కొన్న ధర 2018లో అలిసన్ వచ్చేదాకా గోల్‌కీపర్లలో రికార్డు. అయినా ఒక మ్యాచ్ ముందు ఊపిరాడక గోలీల కోచ్ దగ్గరికి పోయి ఆడలేనన్నాడు. ఆయన ఆడక్కర్లేదన్నాడు. ఆ రోజుల్లోనే ఒకసారి టురిన్‌లో షాగాల్ అనే చిత్రకారుడి బొమ్మల ప్రదర్శనకి వెళ్లాడు. ఒక బొమ్మ నచ్చి మర్నాడు మళ్లీ దాని కోసమే వెళ్లాడు. ఇవన్నీ దాచుకోకుండా తనే రాసుకున్నాడు, మానసిక వైద్యుల దగ్గరికి వెళ్లానని కూడా.

పాతికేళ్లకే గోల్‌లో నిలబడలేనేమో అనిపించినవాడు నలభై ఐదేళ్ల దాకా నిలబడ్డాడంటే దాన్ని నేను పాకులాట అనలేను. మా టర్ఫ్‌లో ఒకబ్బాయి ఆడుతూ ఆడుతూ మధ్యలో టెన్షన్‌తో కూర్చుండిపోయాడు పోయిన నెల. అందరం నీరసం అనుకుని గ్లూకోజ్ ఇచ్చాం. వాడు తర్వాత చెప్పాడు అసలు విషయం. మగపిల్లలు ఆటల్లో ఇలాంటివి చెప్పుకోరు.

మాధవి_టురిన్
+1. ఇది చెప్పినందుకు థ్యాంక్స్ గోలీ గారూ.

ఆఫ్‌సైడ్_అప్పారావు
ఆ డిప్రెషన్ సంగతి నాకు తెలుసు, దాని మీద గౌరవమే ఉంది. కానీ మనసు బాగుండటం వేరు, ఆట వేరు. 2016లో ఆగినా నాకు సంతోషమే. అప్పటికి శిఖరం మీద ఉన్నాడు, సెరీ ఆలో 974 నిమిషాలు గోల్ తినకుండా నిలిచాడు.

స్కోర్‌బోర్డు
అవును, మిలాన్ గోలీ రోసీ పేరు మీద ఉన్న 929 దాటాడు. మార్చి 20న టురిన్ డెర్బీలో టొరినో ఆటగాడు బెలొత్తీ పెనాల్టీతో ఆగింది. వరసగా పది మ్యాచ్‌లు ఒక్క గోలూ లేదు. అప్పుడతనికి 38.

నల్లచారల_నాని
అన్నా, నీ మాట ప్రకారమే 38లో శిఖరం. మరి 32లో ఎవరో నీలాంటివాడు "ఇక ఆపు" అనుంటే? 2010 ప్రపంచ కప్పులో మొదటి మ్యాచ్ సగంలోనే నడుం పట్టేసి బయటికొచ్చాడు, ఆపరేషన్ అయింది. అప్పుడే చాలామంది బుఫోన్ పనైపోయిందన్నారు. ఆ తర్వాత వరసగా ఏడు లీగ్‌లు, 2012 యూరో ఫైనల్, ఇటలీకి 176 మ్యాచ్‌ల రికార్డు. ఎక్కడ ఆపాలో బయటివాడికి ఎలా తెలుస్తుంది?

ఇంకోటి చూడు. 2020 డిసెంబర్ 8, బార్సిలోనా గడ్డ మీద, ఛాంపియన్స్ లీగ్. అతనికి 42. మెస్సీ మళ్లీ మళ్లీ గోల్ మీదికి కొట్టాడు, ఒక్కటీ పోనివ్వలేదు. 3-0 మావాళ్లే. ఆ మ్యాచ్ చూశావా లేదా?

ఆఫ్‌సైడ్_అప్పారావు
స్కోరు చూశా. మ్యాచ్ చూడలేదు.

కుర్చీ_కోచ్
అబ్బో! ఇంతసేపు కోర్టు నడిపి ఇప్పుడు సాక్ష్యం చూడలేదంటాడు.

ఆఫ్‌సైడ్_అప్పారావు
రాత్రి ఒంటిగంటన్నరకి మ్యాచ్, పొద్దున ఏడింటికి బస్సు. నువ్వు చూస్తావు, నీకేం. ఒక్క మంచి రాత్రి చూపించి ఐదేళ్లూ సమర్థించలేరు. పార్మాలో రెండో ఏడు గాయాలతో సగం మ్యాచ్‌లు బయటే ఉన్నాడు. ప్లేఆఫ్‌లో కాల్యరీ చేతిలో ఓడి సెరీ ఆకి ఎక్కలేకపోయారు. 2024 దాకా కాంట్రాక్టు ఉన్నా ఏడాది ముందే ఆపేశాడు. అంటే అతనికీ చివరికి అర్థమైంది.

మాధవి_టురిన్
అర్థమైనప్పుడు ఆపాడు కదా, మరి మీ గొడవేంటి?

గచ్చిబౌలి_గోలీ
మాధవి గారు ఒక్క లైన్లో తేల్చేశారు.

వైజాగ్_వింగర్
పార్మా ఆ మరుసటి ఏడే పైకి ఎక్కింది, అతను లేకుండా. అప్పారావుకి ఒక పాయింట్ ఇస్తున్నా.

ఆఫ్‌సైడ్_అప్పారావు
వింగర్ ఒక్కడే న్యాయంగా మాట్లాడుతున్నాడు.

నల్లచారల_నాని
వింగర్ మిలాన్ ఫ్యాన్ అన్నా. అతని న్యాయం ముంటారి దగ్గరే ఆగిపోయింది.

తిరుపతి_తేజ
నాకో డౌట్. 77 నంబర్ ఎందుకు వేసుకున్నాడు చివర్లో? గోలీలకి 1 కదా.

స్కోర్‌బోర్డు
@తిరుపతి_తేజ 2000లో పార్మాలో 88 తీసుకున్నాడు. ఆ అంకె నాజీల గుర్తు అని ఇటలీ యూదులు అభ్యంతరం చెప్పారు. తనకి ఆ ఉద్దేశం లేదని చెప్పి 77కి మార్చాడు. 2019లో యువెంటస్‌కి తిరిగొచ్చేసరికి 1 ష్చెజ్నీ దగ్గరుంది. ఇవ్వబోయినా బుఫోన్ తీసుకోలేదు, పాత 77నే వేసుకున్నాడు.

తిరుపతి_తేజ
ఓకే. బార్సిలోనా మ్యాచ్ పూర్తిది ఎక్కడ దొరుకుతుంది? హైలైట్స్ వద్దు.

నల్లచారల_నాని
నా హార్డ్‌డిస్క్‌లో ఉంది. 2003 సెమీస్ కూడా ఉంది. తిరుపతి వచ్చినప్పుడు ఇస్తా, దర్శనం టికెట్లు నువ్వు చూసుకో.

బొల్లారం_బాబాయ్
తంగరాజ్ మీద వేరే థ్రెడ్ పెట్టాను, పైన కనిపిస్తుంది చూడండి. సికింద్రాబాద్ వైపు పాత క్లబ్బుల ఫోటోలు ఎవరింట్లోనైనా ఉంటే అక్కడ పెట్టండి. అప్పారావూ, నువ్వు మాత్రం అక్కడికొచ్చి ఆయన ఎప్పుడు ఆపాల్సిందో చెప్పకు.